పి. శాంతకుమారి

పి. శాంతకుమారి (1920–2006) తెలుగు సినిమా నటి, గాయని, నిర్మాత. కడప జిల్లా ప్రొద్దుటూరులో పుట్టారు. అసలు పేరు వెల్లాల సుబ్బమ్మ. తండ్రి నటుడు, తల్లి సంగీతం తెలిసిన మనిషి. మద్రాసులో ఆచార్య పి. సాంబమూర్తి దగ్గర సంగీతం నేర్చుకుని, 1936లో పి.వి.దాసు తీసిన 'శశిరేఖా పరిణయం'తో తెరకెక్కారు. మరుసటి ఏడు 'సారంగధర'లో నటించి, ఆ చిత్ర దర్శకుడు పి. పుల్లయ్యను పెళ్లాడారు.

రెండో ప్రపంచ యుద్ధ కాలంలో ముడిఫిల్ము కొరతతో నిర్మాణాలు తగ్గాయి. యుద్ధం ముగిసేసరికి నేపథ్యగానం పాతుకుపోతోంది. పాడగలిగితేనే కథానాయిక అనే రోజులు పోయాయి. శాంతకుమారి వయసుకు మించిన వేషాల వైపు తిరిగారు. 'గుణసుందరి కథ' (1949)లో పెద్దక్క రూపసుందరి అయ్యారు. విజయా వారి తొలి చిత్రం 'షావుకారు' (1950)లో కథలోని షావుకారు చెంగయ్య భార్యగా, ఎన్.టి.రామారావుకు తల్లిగా కనిపించారు. అప్పటికి ఆమెకు ముప్పై ఏళ్లు, ఆ కొడుకు ఆమెకన్నా మూడేళ్లే చిన్న!

ఆమెను ఉత్త సాధుతల్లిగా గుర్తుపెట్టుకోవడం అన్యాయం. పుల్లయ్య తీసిన 'అర్ధాంగి' (1955)లో అక్కినేని నాగేశ్వరరావును అణగదొక్కే సవతితల్లి ఆమే. నెమ్మదైన ఆ ముఖంలో అంత కాఠిన్యం చూపడం తేలిక కాదు.

అయినా జనం మనసులో నిలిచింది వకుళమాతే. 1939లో పుల్లయ్య తీసిన 'బాలాజీ'లో పద్మావతి ఆమే. అదే కథను ఆయన 1960లో 'శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం'గా మళ్లీ తీసినప్పుడు పద్మావతి వేషం సావిత్రికి వెళ్లింది, శాంతకుమారి శ్రీనివాసుడి పెంపుడు తల్లి వకుళమాత అయ్యారు. తారల్లో చాలామంది అరువు గొంతులకు పెదవులు కదుపుతున్న కాలంలో, తన పాట తానే పాడుకున్నారు.

కూతురు పద్మ పేరిట దంపతులు పెట్టిన పద్మశ్రీ పిక్చర్స్ 'సిరిసంపదలు', 'ప్రేమించి చూడు' వంటి చిత్రాలు తీసింది. 'ప్రేమనగర్' (1971)లోనూ, దాని తమిళ రూపం 'వసంత మాళిగై'లోనూ నాయకుడి తల్లి ఆమే. 1999 సంవత్సరపు రఘుపతి వెంకయ్య అవార్డు అందుకున్నారు; అదే పురస్కారం పుల్లయ్యకు అంతకు చాలా ముందే వచ్చింది. 2006 జనవరి 16న చెన్నైలో మరణించారు.