తొలినాటి టాకీల నిర్మాణ నిర్వాహకుడు

తెలుగు టాకీల చరిత్రమును వ్రాసినవారు నటులను, గాయకులను, దర్శకులను విరివిగా స్మరించిరి. ప్రొడక్షన్ మేనేజరని లోకము పిలుచు నిర్మాణ నిర్వాహకుని గూర్చి వ్రాసినది స్వల్పము. ఆ యుద్యోగము లెక్కలకే గాని కళకు సంబంధించినది కాదను తలంపే యిందులకు హేతువు. ఆ తలంపు సరికాదనుటకు కదిరి వెంకటరెడ్డిగారి చరిత్రమే చాలును.

మొదటి తెలుగు టాకీ 'భక్తప్రహ్లాద' బొంబాయిలో నిర్మితమై 1932లో వెలువడినది. హైదరాబాదునుండి యా నగరమునకు బోవువారు 1874లో తెరవబడిన రైలుమార్గమున వికారాబాదు, తాండూరు దాటి వాడి కూడలి చేరవలసియుండెను. పిదప చిత్రనిర్మాణము మదరాసున నిలద్రొక్కుకొనెను. ఎచ్చటనైనను పాత్రధారుల ప్రయాణము, బస, భోజనము, వేతనము నిర్వాహకుని భారమే.

శబ్దము వచ్చుటతో నీ భారము మఱింత పెరిగినది. టాకీ ఫిలిము సెకనునకు 24 బొమ్మల చొప్పున తప్పక నడువవలెను. 35 మిల్లీమీటర్ల ఫిలిమున నడుగునకు 16 బొమ్మలు పట్టును. కావున నిమిషమునకు 90 అడుగులు వ్యయమగును. వేయి అడుగుల చుట్ట రమారమి 11 నిమిషములలో ముగియును. సంభాషణ సాగినకొలది ఫిలిము, ఫిలిముతోపాటు ధనము వ్యయమగుచుండును.

వెంకటరెడ్డిగారు 1912లో అనంతపురము జిల్లా తాడిపత్రిలో జన్మించిరి. 1938లో వెలువడిన 'గృహలక్ష్మి'కి క్యాషియరుగా పనిచేసిరి. తరువాత వాహినీ సంస్థలో బి. ఎన్. రెడ్డిగారు దర్శకత్వము వహించిన 'వందేమాతరం' (1939), 'సుమంగళి' (1940), 'దేవత' (1941) చిత్రములకు నిర్మాణ నిర్వాహకులైరి. నాగయ్యగారు పోతనగా నటించి 1943లో విడుదలయిన 'భక్తపోతన'తో దర్శకులైరి.

దర్శకులైన పిదపను వారు లెక్కను విడువలేదు. చిత్రీకరణమునకు ముందే రచననంతయు స్థిరపఱచుకొని, ప్రతిదృశ్యమునకు నిడివి నిర్ణయించి, స్టాప్‌వాచితో కాలమును కొలుచుట వారి పద్ధతి. 'పాతాళభైరవి' (1951), 'మాయాబజార్' (1957) ఈ పద్ధతికి ఫలములు.

కొలత రసమునకు విరోధి కాదా యని కొందఱు శంకింపవచ్చును. గణయతినియమములు పద్యమునకు విరోధులు కానట్లే, అంకమున నొకదినపు వృత్తాంతమునే చూపవలెనను భరతుని నియమము నాటకమునకు విరోధి కానట్లే, యిదియు విరోధి కాదు. లెక్కలపుస్తకమున నలవడిన మితమే తెరమీద నౌచిత్యమైనది.

దేవాలయములలో నాడినవారిని, మద్దెల వాయించినవారిని, వండిపెట్టినవారిని మనము ముఖ్యముగా శాసనములందలి వృత్తుల పట్టికలవలననే యెఱుగుదుము. టాకీలకు నట్టి శాసనములు నిర్మాణసంస్థల దినవహీలు, జీతపు పట్టీలు. ఇవి కాగితములు; రాతివలె నిలువవు. వీనిని సేకరించి భద్రపఱచినగాని తెరవెనుకవారి చరిత్రము సమగ్రము కానేరదు.