నార్‌ఫోకు ఉపాధ్యాయుల జీతపు వ్యాజ్యెము

అమెరికాలో వర్జీనియా రాష్ట్రమందలి నార్‌ఫోకు పట్టణపు సర్కారు పాఠశాలలలో 1940కి పూర్వము జీతము మేనిచాయనుబట్టి యేర్పడియుండెను. నల్లజాతివాఁడగు మెల్విన్ ఆల్‌స్టను ఉన్నతపాఠశాలలో బోధించి యేటికి 921 డాలర్లు పొందుచుండఁగా, సమానయోగ్యతగల తెల్లయుపాధ్యాయునకు 1200 డాలర్లు ముట్టుచుండెను. 1939లో ఆలీన్ బ్లాక్ అను ఉపాధ్యాయిని మొదట వ్యాజ్యెము వేయఁగా, బోర్డువా రామెను మరల నియమింపరైరి. కొలువే లేనివారికి జీతపుతగవెక్కడిది? ఎంత సులభోపాయము!

సంఘాభిమానులగు చదువరులు గమనింపవలసిన దిచ్చటనే. రెండవ వ్యాజ్యెమున ఆల్‌స్టనుతోఁబాటు ఉపాధ్యాయసంఘమును వాదిగా నిలిచెను. ఒక్కరిని తొలగింపవచ్చును, సంఘము నెవరు తొలగింపఁగలరు? థర్గుడ్ మార్షల్ మున్నగువారు వాదించిరి. ఒడంబడికపై సంతకము చేసినవాఁడు తన హక్కును వదలుకొన్నట్లే యని జిల్లాకోర్టు కొట్టివేసెను. 1940 జూన్ 18న అప్పీలుకోర్టు ఆ వాదమును త్రోసిపుచ్చి, జాతినిబట్టి జీతభేదము రాజ్యాంగవిరుద్ధమని తీర్పుచెప్పెను. ఆలీన్ బ్లాక్ 1941లో మరల కొలువునఁ జేరెను.