చైనాకు వెళ్లిన కాంగ్రెస్ వైద్యబృందం, ద్వారకానాథ్ కోట్నిస్

1937లో జపాన్ చైనాపై పూర్తిస్థాయి యుద్ధానికి దిగిన తరువాత, అక్కడి కమ్యూనిస్టు సేనాని జు దే వైద్యసహాయం కోరుతూ జవాహర్‌లాల్ నెహ్రూకు లేఖ రాయగా, నాటి కాంగ్రెస్ అధ్యక్షుడు సుభాష్ చంద్రబోస్ నిధులకూ స్వచ్ఛంద వైద్యులకూ విజ్ఞప్తి చేశారు. తానే పరాయి పాలనలో ఉన్న దేశం మరొక పీడిత దేశానికి వైద్యులను పంపడం ఆనాటికి చిన్న విషయం కాదు. 1938 సెప్టెంబరులో బొంబాయి నుంచి ఓడలో బయలుదేరిన ఐదుగురిలో షోలాపూరుకు చెందిన ద్వారకానాథ్ కోట్నిస్ ఒకరు. 1910లో పుట్టిన ఆయన బొంబాయిలో వైద్యవిద్య పూర్తిచేసి, పైచదువుల ప్రయత్నంలో ఉండగా ఈ పిలుపు అందుకున్నారు.

1939 ఆరంభంలో కమ్యూనిస్టుల కేంద్రమైన యెనాన్ చేరిన కోట్నిస్, ఆ తరువాత ఎనిమిదవ మార్గ సైన్యంలో, అనగా జపాన్ ఆక్రమిత ప్రాంతాలలో గెరిల్లా పద్ధతిన పోరాడిన కమ్యూనిస్టు దళంలో చేరి, చైనా భాష నేర్చుకుని, యుద్ధరంగానికి చేరువలోనే శస్త్రచికిత్సలు చేశారు. క్షతగాత్రుల సేవలో ఉండగా రక్తం విషపూరితమై 1939లో మరణించిన కెనడా వైద్యుడు నార్మన్ బెథూన్ పేరిట వెలసిన ఆసుపత్రికి 1941లో ఆయన డైరెక్టరయ్యారు. అక్కడి నర్సు గువో చింగ్లాన్‌ను పెళ్లాడారు. సహచరులు స్వదేశానికి తిరిగివచ్చినా ఆయన రాలేదు. బయలుదేరేనాటికి కమ్యూనిస్టు కాని ఈ యువకుడు 1942లో చైనా పార్టీ సభ్యుడు కావడాన్ని బట్టి, ఆయన జీవితలక్ష్యం వెంట తీసుకువెళ్లినది కాదనీ, అక్కడి పనిలోనే రూపుదిద్దుకున్నదనీ భావించడం సమంజసం. 1942 డిసెంబరు 9న, 32 ఏళ్ల వయసులో, మూర్ఛవ్యాధితో ఆయన మరణించారు.