దర్జీ అని చెప్పి చేసిన నికాహ్

1990లో దూరదర్శన్‌లో 'ద స్వోర్డ్ ఆఫ్ టిప్పు సుల్తాన్' వచ్చేటప్పుడు మా మొహల్లాలో టీవీ ఉన్నవి రెండే ఇళ్లు. నాకప్పుడు పదేళ్లు. మా అబ్బాకి గానాబజానా అంటే అస్సలు పడదు. అయినా ఆ సీరియల్ మొదలయ్యే వేళకి టోపీ సర్దుకుని పక్కింటి వరండాలో కూర్చునేవారు. పేర్లలో నౌషాద్ అని పడగానే "లఖ్నవూ ఆయన, షరీఫ్ ఆద్మీ" అనేవారు. మౌసికీ ఖరాబ్, మౌసికార్ మాత్రం షరీఫ్! ఈ హిసాబు నాకు అర్థమయ్యేది కాదు.

నౌషాద్ అలీ సొంతింట్లోనూ ఇదే పేచీ. పుట్టింది 1919లో. తండ్రి వాహిద్ అలీ మున్షీ. మూగ సినిమాలకు తెర దగ్గర కూర్చుని సాజ్ వాయించేవాళ్లను చూసి పిల్లాడికి అదే ధ్యాస పట్టింది. దుకాణంలో హార్మోనియాలు బాగుచేస్తూ నేర్చుకున్నాడు. ఇల్లు కావాలో, మౌసికీ కావాలో తేల్చుకోమన్నాడు తండ్రి. 1937లో బొంబాయి చేరాడు. దాదర్‌లో బ్రాడ్‌వే టాకీసు ఎదురుగా ఫుట్‌పాత్ మీద పడుకున్న రాత్రులున్నాయి.

1944లో 'రతన్' వచ్చింది. గల్లీగల్లీలో ఆ పాటలే. కానీ పాటలు కట్టేవాడంటే పిల్లనెవరిస్తారు? "అబ్బాయి బొంబాయిలో దర్జీ" అని చెప్పి రిష్తా ఖాయం చేశారు. తీరా షాదీలో బ్యాండువాళ్లు ఎత్తుకున్నది 'రతన్' పాటలే! ఈ పాటలు చేసినవాడెవడో గానీ కుర్రకారును చెడగొడుతున్నాడని పెద్దలు తిట్టుకుంటుంటే దూల్హా నోరు మెదపలేదు. ఈ కిస్సా నౌషాద్ సాహెబే చెప్పుకునేవారు. విన్నవాళ్లు నవ్వుతారు. నాకు మాత్రం నవ్వు రాదు.

1952లో 'బైజూ బావ్‌రా' ఆ బ్రాడ్‌వేలోనే ఆడింది. ఆ సినిమాలోని ప్రసిద్ధ భజన రాసింది షకీల్ బదాయూనీ, పాడింది రఫీ, బాణీ నౌషాద్‌ది. ముగ్గురూ మనవాళ్లే. సంగీతానికి మొట్టమొదటి ఫిల్మ్‌ఫేర్ కూడా దానికే. 1960లో 'ముఘల్-ఎ-ఆజమ్', దాని గురించి నేను కొత్తగా చెప్పేదేముంది! తర్వాత జమానా మారింది, గిటార్లు, డ్రమ్ములు వచ్చాయి, ఆయనకు సినిమాలు తగ్గాయి. డెబ్బై ఏళ్ల వయసులో ఆయన్ని మా వరండా దాకా తెచ్చింది టీవీయే.

2006 మే 5న ఇంతెఖాల్ చేశారు. డెస్క్‌లో ఆ వార్త రాసి అబ్బాకి ఫోన్ చేశాను. ఇన్నాలిల్లాహ్ చదివి, "టిప్పు సుల్తాన్ ఆయనే కదా బేటా?" అన్నారు. అవునన్నాను. దర్జీ కిస్సా కూడా చెప్పాను. అబ్బా కూడా నవ్వలేదు. కాసేపాగి, "మరి ఆ అమ్మాయి వాళ్లకు ఎప్పుడు చెప్పారట?" అని అడిగారు.