ఎరల్ మారిస్ డాక్యుమెంటరీలు: సాక్ష్యం, సందేహం, చరిత్ర

గతకాలపు విపత్తులను, తేలని మరణాలను వస్తువుగా స్వీకరించే డాక్యుమెంటరీలు సాధారణంగా లభించని దృశ్యాన్ని నటనతో పూరిస్తాయి. తెరపై చూసినదే జరిగినదని ప్రేక్షకుడు భావిస్తాడు. అమెరికన్ దర్శకుడు ఎరల్ మారిస్ (జ. 1948) ఈ పద్ధతిని మరో ప్రయోజనానికి వినియోగించారు. విశ్వవిద్యాలయంలో చరిత్ర చదివి, కొంతకాలం ప్రైవేటు డిటెక్టివ్‌గా పనిచేసిన ఆయనకు పునర్నటన సాక్ష్యాన్ని పరీక్షించే సాధనం.

1976 నవంబరులో డాలస్ నగరంలో రాబర్ట్ వుడ్ అనే పోలీసు అధికారి రాత్రివేళ కాల్పులలో మరణించాడు. రాండల్ ఆడమ్స్‌కు 1977లో మరణశిక్ష పడింది. 1980లో అది యావజ్జీవ శిక్షగా మారింది. 'ది థిన్ బ్లూ లైన్' (1988) ఆ కాల్పుల ఘట్టాన్ని పలుమార్లు చూపుతుంది. ఒక్కొక్క సాక్షి మాటను అనుసరించి దృశ్యం మారుతుంది. అందువల్ల ప్రేక్షకుడు చూసేది ఘటనను కాదు, ఘటనను గురించిన కథనాలను. అవి పరస్పరం పొసగకపోవడమే చిత్రం చేసే వాదన. చివర డేవిడ్ హారిస్ దాదాపు నేరాంగీకారంగా పలికిన మాటలు వినిపించేటప్పుడు తెరపై టేప్ రికార్డర్ మాత్రమే కనిపిస్తుంది. 1989లో ఆడమ్స్ విడుదలయ్యాడు. ఈ హత్యకు హారిస్‌పై విచారణ జరగలేదు. నిర్దోషి బయటపడ్డాడు కాని, చట్టం దృష్టిలో నేరస్థుడు తేలలేదు.

'ది ఫాగ్ ఆఫ్ వార్' (2003)లో వస్తువు ఒక మరణం కాదు, మహావిపత్తు. 1945 మార్చిలో ఒక్క రాత్రి సాగిన అగ్నిబాంబుల దాడిలో టోక్యోలో సుమారు 1,00,000 మంది మరణించారు. ఆనాడు వైమానిక దళంలో గణాంక విశ్లేషకుడిగా ఉన్న రాబర్ట్ మెక్‌నమారా తన పాత్రను వివరిస్తుండగా, విమానాల నుండి బాంబులకు బదులు అంకెలు రాలుతాయి. లెక్కకూ విధ్వంసానికీ గల సంబంధాన్ని ఈ ప్రతీక ఏ వ్యాఖ్యానమూ లేకుండా స్థాపిస్తుంది.

సందేహానికి ఉన్న మూల్యం 'వార్మ్‌వుడ్' (2017)లో వ్యక్తమవుతుంది. జీవాయుధ పరిశోధనలో పనిచేసిన ఫ్రాంక్ ఓల్సన్ 1953లో న్యూయార్క్ హోటల్ కిటికీ నుండి పడి మరణించాడు. అంతకు కొద్దిరోజుల ముందు సీఐఏ అతనికి తెలియకుండా ఎల్‌ఎస్‌డీ ఇచ్చిందని 1975లో వెల్లడైంది. అది ఆత్మహత్యా, హత్యా అన్న ప్రశ్నకే కుమారుడు ఎరిక్ జీవితం అంకితమైంది. మారిస్ ఆ పతనాన్ని మళ్లీమళ్లీ చూపినా ప్రశ్న తేలదు.

మొదటి చిత్రంలో ఒక మనిషిని విడిపించిన సందేహమే చివరి చిత్రంలో మరొకరిని బంధించింది. కనుక మారిస్ చిత్రాలను సత్యం సాపేక్షమనే సిద్ధాంతానికి ఉదాహరణలుగా చదవడం సరికాదు. ఆయన దృష్టిలో సత్యం ఒకటే. దానికి చేరే ఆధారాలే అసంపూర్ణం. ఆ ఖాళీని కల్పనతో కప్పక ఖాళీగానే చూపడం చరిత్రకారుని బాధ్యత. ఆ బాధ్యత తప్పినప్పుడు ఆడమ్స్ వంటివారు పన్నెండేళ్లు చెరలో మగ్గుతారు.