పితృత్వ వివాదాలు: 112వ సెక్షన్ నుంచి డి.ఎన్.ఎ. పరీక్ష దాకా

జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ 1872 భారత సాక్ష్య చట్టాన్ని రూపొందించే నాటికి, బిడ్డకు తండ్రి ఎవరో రక్తాన్ని పరీక్షించి చెప్పే మార్గమేదీ లేదు. చట్టంలోని 112వ సెక్షన్ ఆ ప్రశ్ననే దాదాపు మూసివేసింది. చెల్లుబాటయ్యే వివాహం కొనసాగుతుండగా గాని, అది రద్దయ్యాక తల్లి మళ్ళీ పెళ్ళి చేసుకోని పక్షంలో 280 రోజులలోపు గాని పుట్టిన బిడ్డ ఆ భర్త బిడ్డే. గర్భం నిలిచే కాలంలో దంపతులకు కలుసుకునే వీలే లేదని రుజువైతే తప్ప దీనికి తిరుగు లేదు. 280 అనేది ప్రసూతి వైద్యులు ఆఖరి బహిష్టు నుంచి లెక్కించే అంకె. గర్భధారణ నుంచైతే సుమారు 266. తెలిసో తెలియకో చట్టం బిడ్డకు రెండు వారాలు ఎక్కువే ఇచ్చింది.

లాండ్‌స్టైనర్ కనుగొన్న రక్త వర్గాలు ఒక మనిషి తండ్రి కాడని చెప్పగలవే గాని, అవునని చెప్పలేవు. ఆ కొరత తీరింది 1984లో, లెస్టర్‌లో ఆలెక్ జెఫ్రీస్ డి.ఎన్.ఎ. ముద్రలను కనుగొన్నప్పుడు. భారతదేశంలో ఈ పని హైదరాబాదులోని సి.సి.ఎం.బి.లో జరిగింది. అక్కడ లాల్‌జీ సింగ్ వాడిన డి.ఎన్.ఎ. శకలానికి మూలం పసుపు, నలుపు పట్టెల కట్లపాము. పాముల లింగనిర్ణయంపై మొదలైన పరిశోధన కేరళలోని తలశ్శేరి మేజిస్ట్రేటు కోర్టులో ఒక బిడ్డ భరణం కేసును తేల్చింది. దేశంలో ఈ పరీక్షతో తేలిన తొలి పితృత్వ వివాదం అదే.

అయినా ఉన్నత న్యాయస్థానాలు తొందరపడలేదు. బలమైన ప్రాథమిక ఆధారం లేనిదే రక్త పరీక్షకు ఆదేశించరాదనీ, ఎవరినీ బలవంతంగా రక్తం ఇమ్మనరాదనీ 1993లో గౌతమ్ కుందు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2001లో కామ్తీదేవి కేసులో ఇంకా ముందుకు వెళ్ళింది. దంపతులు కలిసి ఉన్న కాలంలో గర్భం నిలిచి ఉంటే, డి.ఎన్.ఎ. ఫలితం భర్తకు అనుకూలంగా ఉన్నా 112వ సెక్షన్ చెదరదన్నది. భర్తకు ఇది కఠినమేనని ఒప్పుకుంటూనే బిడ్డ పక్షం వహించింది.

2014లో నందలాల్ బద్వాయిక్ కేసులో తీర్పు తారుమారైంది. చట్టం ఊహించుకున్న రుజువుకూ, ప్రపంచం అంగీకరించిన విజ్ఞానానికీ పొసగనప్పుడు విజ్ఞానమే నెగ్గాలన్నది. వైద్యశాస్త్రం చదివినవారికి ఇది ఇంపుగా వినిపించే వాక్యం. కానీ ఆ వాక్యం వల్ల భరణం పోయినది ఒక బాలికకు. అప్పటిదాకా చెల్లించినది వెనక్కు తీసుకోరాదన్నంత వరకే ఊరట.

బిడ్డే పరీక్ష కోరితే? ఆంధ్రప్రదేశ్ గవర్నరుగా పనిచేసిన ఎన్.డి. తివారీని తండ్రిగా ప్రకటించమని ఒక యువకుడు ఢిల్లీ హైకోర్టుకెక్కాడు. తివారీ ఏళ్ళ తరబడి ప్రతిఘటించాడు. చివరికి 2012లో 86 ఏళ్ళ వయసులో రక్తం ఇవ్వక తప్పలేదు. హైదరాబాదు ప్రయోగశాల నివేదిక యువకుడి మాట నిజమని తేల్చింది. అయితే 2025లో కేరళ నుంచి వచ్చిన ఇవాన్ రత్నం కేసులో, వివాహబంధంలో పుట్టిన కుమారుడు తల్లి భర్త కాని వ్యక్తికి పరీక్ష కోరగా సుప్రీంకోర్టు నిరాకరించింది. రెంటికీ పూర్తిగా పొత్తు కుదరదు. 2023లో అపర్ణ ఫిరోదియా కేసులో మాత్రం దారి స్పష్టంగానే ఉంది: భార్య వ్యభిచారాన్ని రుజువు చేయడానికి బిడ్డ రక్తాన్ని సాధనంగా వాడుకోరాదు.

2024 జులై 1న అమలులోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలో పాత 112, 116వ సెక్షన్‌గా చేరింది. 280 రోజుల లెక్క అలాగే ఉంది. డి.ఎన్.ఎ. ప్రస్తావన అందులో లేదు.