రమణారెడ్డి: సన్నని మనిషి.. నెల్లూరు యాస
ఉదయగిరి, ఆత్మకూరు వాళ్లకు ఇంటి మాటలా వినిపించే నెల్లూరు యాసను వెండితెరకు ఎక్కించిన నటుల్లో తిక్కవరపు వెంకట రమణారెడ్డి ఒకరు. 1921లో నెల్లూరు జిల్లా జగదేవిపేటలో పుట్టారు. శానిటరీ ఇన్‌స్పెక్టర్ ఉద్యోగం వదిలేసి మద్రాసు వెళ్లి సినిమాల్లో చేరారు.

బక్కపలచని ఒళ్లు, సాగదీసే మాట.. అవే ఆయన బలం. 'మిస్సమ్మ' (1955)లో అప్పుకోసం వెంటపడే డేవిడ్‌, 'మాయాబజార్' (1957)లో చిన్నమయ, 'గుండమ్మ కథ' (1962)లో గంటయ్య.. ఏదీ హీరో వేషం కాదు, కానీ ఒక్కటీ మర్చిపోలేం. రేలంగితో ఆయన జంట కనిపిస్తే హాల్లో నవ్వులే. మ్యాజిక్ కూడా చేసేవారు. 1974లో, 53 ఏళ్లకే కన్నుమూశారు. టీవీలో పాత సినిమా వస్తే ఆ యాస ఇప్పటికీ నవ్విస్తుంది.